ఫ్రెషర్‌కి ఆర్కిటెక్ట్ ఉద్యోగం ఇస్తారా?

ప్రశ్న: మా అమ్మాయి బీటెక్ సీఎస్‌ఈ మూడో సంవత్సరం. ఐటీలో ఆర్కిటెక్ట్ అవుతానంటోంది. అమీర్‌పేటలో ఒక ఇన్‌స్టిట్యూట్ వాళ్లు ఆరు నెలల ‘సొల్యూషన్ ఆర్కిటెక్ట్’ కోర్సుకి 85 వేలు అడుగుతున్నారు. సొల్యూషన్, డేటా, క్లౌడ్, ఎంటర్‌ప్రైజ్ అంటూ ఇన్ని రకాలు చెప్తుంటే నాకేమీ అర్థం కావట్లేదు. మా బావమరిదేమో ఆర్కిటెక్ట్ అంటే నాటా (బీఆర్క్ ప్రవేశ పరీక్ష) రాయాలి కదా అంటున్నాడు. ఫీజు కట్టమంటారా? – ఒక తండ్రి, ఖమ్మం

జవాబు: ఇప్పుడైతే కట్టకండి. ఎందుకో చెప్తాను.

ముందు మీ బావమరిది గారి సంగతి. ఆయన చెప్పింది భవనాల ఆర్కిటెక్ట్ గురించి. దానికి ఐదేళ్ల బీఆర్క్ చదివి, కౌన్సిల్ ఆఫ్ ఆర్కిటెక్చర్‌లో నమోదు చేయించుకోవాలి. ఆ పేరు ఎవరు పెట్టుకోవచ్చో చెప్పే చట్టం 1972 నుంచే ఉంది. ఐటీలో మాత్రం ఉద్యోగికి ఆర్కిటెక్ట్ అనే హోదా ఎప్పుడివ్వాలో కంపెనీ ఇష్టం. ఒకచోట టెక్నికల్ ఆర్కిటెక్ట్ చేసే పనినే ఇంకోచోట ప్రిన్సిపల్ ఇంజినీర్ చేస్తుంటారు. అందుకే పేర్లు చూస్తే తల తిరుగుతుంది. ఏ నిర్ణయం ఎవరి నెత్తిన ఉంటుందో చూస్తే తేడా తెలుస్తుంది.

సంక్రాంతికి ఊరెళ్లడానికి బస్సు టికెట్లు అమ్మే యాప్ ఒకటి ఉందనుకోండి. ఒక్క సీటే మిగిలింది. ఇద్దరు ఒకే క్షణంలో దాన్ని నొక్కారు. ఎవరికివ్వాలి? డబ్బు కట్టేదాకా ఆ సీటును ఎన్ని నిమిషాలు ఆపి ఉంచాలి? ఖాతాలో డబ్బు పోయి టికెట్ రాకపోతే? ఇదంతా సాఫ్ట్‌వేర్ ఆర్కిటెక్ట్ చూసుకోవాలి. కొన్ని కంపెనీల్లో ఈ మనిషినే టెక్నికల్ ఆర్కిటెక్ట్ అని, అప్లికేషన్ ఆర్కిటెక్ట్ అని పిలుస్తారు. అందరు ఆర్కిటెక్టుల్లోనూ కోడ్‌కి దగ్గరగా ఉండేది వీళ్లే.

పండగ రద్దీకి ఎన్ని సర్వర్లు కావాలి, ముంబైలో డేటా సెంటర్ ఆగిపోతే హైదరాబాద్ నుంచి నడిపించాలా, దానికయ్యే అదనపు ఖర్చు దండగా కాదా అనేది క్లౌడ్ ఆర్కిటెక్ట్ తేల్చాలి. క్లౌడ్ అంటే ఇంటర్నెట్ ద్వారా అద్దెకి తీసుకునే సర్వర్లు. (అమెజాన్ క్లౌడ్‌కి 2016 నుంచి ముంబైలో, 2022 నుంచి హైదరాబాద్‌లో రీజియన్లు, అంటే డేటా సెంటర్ల సముదాయాలు ఉన్నాయి. కాబట్టి ఇది ఊహకి చెప్పిన ఉదాహరణ కాదు.) ఒకే ప్రయాణికుడు రెండు పేర్లతో నమోదైతే ఒక్కరేనని ఎలా గుర్తించాలి, పాత ప్రయాణాల వివరాలు ఎన్నాళ్లు దాచాలి, ఎవరు చూడొచ్చు అన్నవి డేటా ఆర్కిటెక్ట్ పని. 2023లో వ్యక్తిగత డేటా రక్షణ చట్టం వచ్చాక ఈ పనికి బరువు పెరిగింది.

ఇక మీ అమ్మాయి మోజు పడుతున్న సొల్యూషన్ ఆర్కిటెక్ట్. యాప్, పేమెంట్ గేట్‌వే, ఎస్‌ఎంఎస్, పాత కౌంటర్ సిస్టమ్, వీటన్నిటినీ కలిపి క్లయింట్ అడిగిన బడ్జెట్‌లో పనయ్యేలా చూసేది ఈ మనిషే. సర్వీస్ కంపెనీల్లో ఈ పని చాలాసార్లు ప్రాజెక్టు రాకముందే మొదలవుతుంది. ఎంతమంది కావాలి, ఎన్ని నెలలు పడుతుంది, ఏది కొనాలి, ఏది మనమే రాసుకోవాలి అని లెక్కలు కట్టి క్లయింట్‌ను ఒప్పించాలి. రోజంతా కాల్స్, స్లైడ్లు. కోడింగ్ అంటే ప్రాణమిచ్చేవాళ్లు జీతం చూసి ఇందులోకి వచ్చి, ఆరు నెలలకే విసిగిపోవడం నేను చూశాను. మాటకారితనం, ఓపిక ఉన్నవాళ్లకి మాత్రం ఇదే ఇష్టంగా ఉంటుంది.

ఎంటర్‌ప్రైజ్ ఆర్కిటెక్ట్ గురించి ఇప్పుడు ఆలోచించక్కర్లేదు. టికెట్లు, పాసులు, కార్గో, జీతాలు, అన్నిటి సాఫ్ట్‌వేర్లనూ కలిపి చూసి, ఐదేళ్లలో ఏది ఉంచాలి, ఏది తీసేయాలి అని యాజమాన్యంతో కూర్చుని తేల్చే పని అది. అందులో టోగాఫ్ అనే పద్ధతి మాట ఎక్కువగా వినిపిస్తుంది. దాన్ని కాలేజీలో బట్టీ పడితే ఒరిగేదేమీ లేదు.

ఇవేవీ సాధారణంగా ఫ్రెషర్‌కి ఇచ్చే ఉద్యోగాలు కావు. చాలామంది ఎనిమిది, పదేళ్లు కోడ్ రాసి, రాత్రి పూట పడిపోయిన సర్వర్లను లేపి, తాము తీసుకున్న తప్పుడు నిర్ణయాలను తామే సరిదిద్దుకున్నాకే అక్కడికి చేరతారు. ‘ఏడబ్ల్యూఎస్ సర్టిఫైడ్ సొల్యూషన్స్ ఆర్కిటెక్ట్ అసోసియేట్’ అని అమెజాన్ క్లౌడ్ (ఏడబ్ల్యూఎస్) వాళ్ల పరీక్ష ఒకటి ఉంది. 65 ప్రశ్నలు, 130 నిమిషాలు, ఫీజు 150 డాలర్లు. దాన్ని విద్యార్థి కూడా రాయొచ్చు, రెజ్యూమెలో పనికొస్తుంది. కానీ పేరులో ఆర్కిటెక్ట్ అని ఉన్నంత మాత్రాన కంపెనీ ఆ కుర్చీ ఇవ్వదు. ఇన్‌స్టిట్యూట్ వాళ్లు చెప్పేది ఈ పరీక్షకి కోచింగే అయితే, దానికి 85 వేలు చాలా ఎక్కువ.

మూడో సంవత్సరంలో డీబీఎంఎస్ (డేటాబేస్‌ల సబ్జెక్టు), ఆపరేటింగ్ సిస్టమ్స్, నెట్‌వర్క్స్ ఈ మూడూ పరీక్ష కోసం కాకుండా చదవమనండి. పైన చెప్పిన సీటు సమస్యనే చిన్న ప్రాజెక్టుగా చేసి, నిజంగా నలుగురు స్నేహితుల చేత ఒకేసారి నొక్కించి చూడమనండి. ఈ డేటాబేస్ ఎందుకు ఎంచుకున్నాను, ఇంకోటి ఎందుకు వద్దనుకున్నాను అని ఒక పేజీ రాసి పెట్టుకోమనండి. క్యాంపస్ ఇంటర్వ్యూలో ఆ పేజీ గురించి మాట్లాడగలిగితే చాలు. చూడాల్సింది ఆర్కిటెక్ట్ ఉద్యోగం కాదు, బ్యాకెండ్ డెవలపర్ (యాప్ వెనక సర్వర్‌లో నడిచే కోడ్ రాసేవాళ్లు) లేదా డేటా ఇంజినీర్ (డేటాను సేకరించి, వాడుకకు సిద్ధం చేసేవాళ్లు) లాంటిది.

ఇంత చెప్పినా ఇంట్లో పట్టు వదలకపోతే, ఫీజు కట్టేముందు ఇన్‌స్టిట్యూట్ వాళ్లను ఒక్కటి అడగండి: మీ దగ్గర చదివి కాలేజీ నుంచి నేరుగా ఆర్కిటెక్ట్‌గా చేరిన ఒక్కరితో నన్ను ఫోన్‌లో మాట్లాడిస్తారా అని.