సందేహాలు – సమాధానాలు: హత్య కాని నరహత్య ఉంటుందా?

సందేహం: ఒక క్రిమినల్ అప్పీలులో తీర్పు వచ్చిన మరునాడు పత్రికలో 'అది హత్య కాదు, నరహత్య మాత్రమే: హైకోర్టు' అనే శీర్షిక చూశాను. నరుణ్ని హత్య చేస్తేనే కదా నరహత్య! అది హత్య కాకుండా ఎలా పోతుంది? ఇది తప్పు ప్రయోగం కాదా?
– ఒక పాఠకుడు, నల్లకుంట, హైదరాబాద్

సమాధానం: వ్యాకరణం వైపు నుంచి మీ అభ్యంతరం న్యాయమైనదే. గోహత్య, శిశుహత్య, నరహత్య అన్నవి తత్పురుష సమాసాలు. తత్పురుషంలో ప్రాధాన్యం ఉత్తరపదానిది. ఆ లెక్కన నరహత్య అనేది హత్యలో ఒక రకం కావాలి. 'రాజభటుడే కాని భటుడు కాడు' అంటే ఎంత విడ్డూరమో, 'నరహత్యే కాని హత్య కాదు' అన్నా అంతే.

న్యాయశాస్త్రంలో ఈ వరుస తలకిందులవుతుంది. అక్కడ నరహత్య విశాలమైన మాట, హత్య అందులో ఒక భాగం. భారత శిక్షాస్మృతిలో 299వ సెక్షన్ నేరపూరిత నరహత్యను నిర్వచించింది. అందులో ఏది హత్య అవుతుందో 300వ సెక్షన్ చెప్పింది. 2024 జూలై 1 నుంచి అమలులో ఉన్న భారతీయ న్యాయ సంహితలో అవే 100, 101 సెక్షన్లు. ప్రతి హత్యా నరహత్యే, ప్రతి నరహత్యా హత్య కాదు. నరహత్య జాతి అయితే హత్య అందులో ఒక ఉపజాతి అని 1976లో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ తీర్పు మన హైదరాబాద్ హైకోర్టు నుంచి వెళ్లిన కేసులోనే వచ్చింది. దాని సంగతి కాసేపట్లో చెబుతాను.

తెలుగు అనువాదకులు ఈ చిక్కును కొని తెచ్చుకున్నారని కొందరు అంటారు. నేను ఒప్పుకోను. సంస్కృతంలో హత్య ఒంటరి పదంగా పుట్టలేదు. 'హనస్త చ' అనే పాణిని సూత్రం (3.1.108) ప్రకారం ముందు మరో పదం ఉంటేనే ఆ రూపం వస్తుంది. అలా వచ్చినదే బ్రహ్మహత్య. అక్కడ ఆ మాటకు కావాలని చంపడం అనే అర్థం లేదు, ప్రాణం తీయడమే అర్థం. వాల్మీకి రామాయణం అయోధ్యకాండ చూడండి. కుండలో నీళ్లు నిండే చప్పుడు విని, ఏనుగు అనుకుని దశరథుడు చీకట్లో బాణం వేశాడు. తగిలింది ముని కుమారుడికి. 'నేను ద్విజుణ్ని కాను, బ్రహ్మహత్య చేశానన్న బెంగ వదులుకో' అని చనిపోతున్న ఆ కుర్రవాడే రాజును ఓదార్చాడు. చంపాలనే తలంపు మచ్చుకైనా లేదు, అయినా హత్య అనే మాట వచ్చింది.

తెలుగులో ఆ పదం సమాసం విడిచి ఒంటరిగా నిలబడ్డాక అర్థం బిగుసుకుంది. లారీ ఢీకొని మనిషి పోతే లారీ డ్రైవరు హత్య చేశాడని ఎవరూ అనరు. కాబట్టి ఒంటరి హత్యకు కొత్త అర్థం, నరహత్యలోని హత్యకు పాత అర్థం. రెండూ పక్కపక్కన నిలిచినప్పుడు మీలాంటి శ్రద్ధగల పాఠకులకు సందేహం రాక మానదు. ఉర్దూ న్యాయ పరిభాషలో ఈ ఇబ్బంది లేదు. ఖత్ల్ అంటే చంపడం, 'ఖత్ల్-ఎ-అమద్' అంటే కావాలని చంపడం. హిందీ వారు నరహత్యకు 'మానవ వధ' అని పెట్టుకున్నారు. నరకాసుర వధ, కీచక వధ అని చెప్పుకునే మనకు ఆ మాట ఇక్కడ నప్పదు.

ఇక 1976 నాటి తీర్పు. గుంటూరు జిల్లాలో ఒక పల్లె, రెండు వర్గాలు. ఒక వర్గం వారు బస్సు దిగిన ఎదుటి వర్గం మనిషి వెంటపడి, బరువైన కర్రలతో కాళ్ల మీద, చేతుల మీద విపరీతంగా కొట్టారు. అతను మరునాడు చనిపోయాడు. సెషన్స్ కోర్టు హత్య అంది. తలకో గుండెకో దెబ్బ తగలలేదు కాబట్టి హత్య కిందికి రాదని హైకోర్టు దాన్ని, హత్య కాని నరహత్యకు శిక్ష చెప్పే 304వ సెక్షన్ రెండో భాగానికి మార్చింది. సుప్రీంకోర్టు మళ్లీ హత్యగానే నిలబెట్టింది. కావాలని చేసిన గాయాలు మామూలుగా ప్రాణం తీయడానికి చాలినవైతే, చంపాలన్న ఉద్దేశం విడిగా రుజువు కాకపోయినా అది హత్యే. అందుకే 'చంపాలన్న ఉద్దేశం లేదు కనుక హత్య కాదు' అని రాయడం భాషాదోషం కాకపోయినా విషయదోషం. ఉద్దేశం వేరు, ప్రాణం పోవచ్చునన్న ఎరుక వేరు. 304 మొదటి భాగం ఉద్దేశానిది, రెండోది ఎరుకది. వార్తల్లో రెంటినీ 'ఉద్దేశపూర్వకం' అనే ఒక్క మాటలో కలిపేయడం నాకు బాధ కలిగిస్తుంది.

మీరు చూసిన శీర్షికలో అసలు తప్పు నరహత్య కాదు, 'మాత్రమే'. 304 మొదటి భాగం కింద యావజ్జీవ శిక్ష కూడా వేయవచ్చు. కొత్త సంహిత 105వ సెక్షన్‌లో అయితే యావజ్జీవం, లేదా 5 నుంచి 10 ఏళ్ల జైలు. మనిషిని పోగొట్టుకున్న ఇంటివారు ఆ 'మాత్రమే'ను ఎలా చదువుకుంటారు? 'హత్య కిందికి రాని నరహత్య' అని రాస్తే చాలు. వ్యాకరణానికీ చట్టానికీ సరిపోతుంది. ఇలాంటి తీర్పులకు 'శిక్ష తగ్గించిన హైకోర్టు' అన్న శీర్షిక కూడా సరికాదు. కోర్టు ముందు నేరాన్ని మార్చింది, శిక్ష దాని వెంట మారింది.

అప్పీలుదారు అప్పటికీ దోషే, నిర్దోషి అని రాయకూడదు. అయితే హంతకుడు అనీ రాయకూడదు. ధాతువును బట్టి ఆ మాటకు చంపినవాడనే అర్థం ఉన్నా, నేటి తెలుగులో అది హత్య చేసినవాడికే స్థిరపడింది.