నడుంనొప్పి కోడు ఎందుకు తిరిగొస్తోంది?

ప్రశ్న: ఇంటి నుంచే అమెరికా ఆసుపత్రులకి మెడికల్ కోడింగ్ (బీమా కోసం రోగి జబ్బుకి కోడు వేసే పని) చేస్తున్నాను. పాత నడుంనొప్పికి ఎం54.5 వేస్తే బీమా క్లెయిమ్ తిరిగొస్తోంది, టెన్షన్‌గా ఉంది. పక్కన జి89.29 (ఇతర దీర్ఘకాలిక నొప్పి కోడు) కూడా కలపాలా? మూడు నెలలు దాటితేనే క్రానిక్ (దీర్ఘకాలికం) అనాలా?
– పాఠకురాలు, పర్లాకిమిడి

జవాబు: అమ్మా, అమెరికాలో 2021 అక్టోబరు 1 నుంచి ఎం54.5 ఒక్కటే వేస్తే చెల్లదు. కారణం రాయకపోతే ఎం54.50, వెన్నుపూస ఎండ్‌ప్లేట్ల (పూసల పై, కింది అంచు పొరల) వల్ల అని డాక్టరు రాస్తే ఎం54.51, వేరే రకమని రాస్తే ఎం54.59. మీ ఊరి చీటీలో ఎం54.5 కనిపిస్తే మాత్రం తప్పనుకోకండి, ప్రపంచ ఆరోగ్య సంస్థ జబ్బుల కోడ్ల జాబితా ఐసీడీ-10లో అది అలాగే ఉంది.

రోగి చార్టు చివరిదాకా చదవండి. నడుంనొప్పితో పాటు కుడివైపు సయాటికా (నడుం నుంచి కాలిలోకి పాకే నొప్పి) అని ఉంటే ఎం54.41 వేయాలి, దాని పక్కన మళ్లీ ఎం54.50 పెట్టకూడదు, చాలామంది దొరికిపోయేది ఇక్కడే. క్రానిక్‌కి అమెరికా కోడింగ్ నియమాల్లో ఇన్ని నెలలని గడువు లేదు, డాక్టరు రాసిందే లెక్క. జి89.29 అలవాటుగా అంటించేది కాదు. రోగి వచ్చిందే నొప్పి తగ్గించే చికిత్సకైతే అదే ముందు వేస్తారు. అర్థం కాకపోతే డాక్టరుకి క్వెరీ (వివరణ అడిగే ప్రశ్న) పంపండి, ఊహించి మాత్రం వేయకండి.