అనువాదాలు విడిపోయే చోట ఆగు

అమ్మాయీ,

ఆశీస్సులు. ‘అన్నా కరెనినా’ కొందామని చూస్తే అరడజను రకాలు కనిపించాయనీ, కొత్తది కొనాలో పాతది చాలో తేలడం లేదనీ రాశావు. ఆ తర్వాత కాఫ్కా, కామూ, కాంట్ కూడా ఇంగ్లీషులో చదివి, ఎప్పటికైనా కొన్ని పేజీలు తెలుగులోకి తేవాలని ఉందన్నావు. మంచిదే. కానీ కొత్తదా పాతదా అని కాకుండా, కొత్తదంటున్న దాంట్లో కొత్తగా ఉన్నదేమిటని అడుగు. కొన్నిసార్లు మూలపాఠమే మారి ఉంటుంది. కొన్నిసార్లు పాతవాళ్ళు కత్తిరించింది తిరిగి చేరుతుంది. చాలాసార్లు ఇంగ్లీషు ఒక్కటే మారుతుంది.

ముందు కాపీరైటు పేజీ తిప్పు. అట్ట కొత్తదైనంత మాత్రాన అనువాదం కొత్తది కాదు. మన బజారులో చవగ్గా దొరికే ప్రతుల్లో చాలావాటికి అనువాదకుల పేరే ఉండదు. అలాంటివి కొనకు. అవి సాధారణంగా హక్కులు తీరిపోయిన పాత అనువాదాలే. రష్యన్ నవలైతే చాలావరకు కాన్‌స్టన్స్ గార్నెట్‌వి. ఆవిడ ‘అన్నా కరెనినా’ 1901లో వచ్చింది. అదే నీకు ఇంటర్నెట్‌లో ఉచితంగా దొరుకుతుంది, డబ్బులెందుకు దండగ?

అలాగని గార్నెట్‌ను తీసిపారెయ్యకు. ఆ నవల మొదటి పేజీనే తీసుకో. సుఖంగా ఉన్న కుటుంబాల గురించిన వాక్యం అందరికీ నోటికి వచ్చు, దాన్ని వదిలెయ్. దాని కింది పేరా చూడు. రష్యన్‌లో ‘దోమ్’ అంటే ఇల్లు. ఆబ్లాన్‌స్కీల సంసారం అల్లకల్లోలమైన ఆ ఒక్క పేరాలో ‘దోమ్’, దాని నుంచి పుట్టిన మాటలు కలిపి ఎనిమిదిసార్లు వస్తాయి. టాల్‌స్టాయ్‌కి వేరే మాట దొరక్క కాదు. ఇల్లు కూలుతోందని చెప్పకుండానే ఆ మాటతో తలుపు కొట్టినట్టు కొడుతూ పోతాడు. గార్నెట్‌లో అవి ఏడు మిగిలాయి. ‘వాళ్ళ ఇంట్లో ఉండిన ఫ్రెంచి పంతులమ్మ’ అన్నచోట ఆవిడ ఇల్లు తీసి కుటుంబం పెట్టింది. మాటకు మాట తెస్తారని పేరుపడ్డ రిచర్డ్ పెవియర్, లరిస్సా వొలొఖోన్‌స్కీ దంపతుల 2000 నాటి అనువాదంలో కూడా సరిగ్గా అక్కడే ఇల్లు లేదు, ‘వాళ్ళ మాజీ ఫ్రెంచి పంతులమ్మ’ అయిపోయింది. తొంభై తొమ్మిదేళ్ళ తేడా ఉన్నా జారింది ఒక్కచోటే.

ఇప్పుడు అదే తెలుగులో అనుకుని చూడు: ఆబ్లాన్‌స్కీల ఇంట్లో, వాళ్ళింట్లో ఉండి వెళ్ళిన పంతులమ్మ, ఒకే ఇంట్లో ఉండలేనన్న భార్య, మూడుసార్లు వచ్చే ఇంటిల్లిపాదీ, ఇంటికి రాని మొగుడు, ఇల్లంతా పరిగెత్తే పిల్లలు. ఎనిమిదికి ఎనిమిదీ ఇబ్బంది లేకుండా కూర్చుంటాయి. ఇంగ్లీషువాళ్ళకు వచ్చిన చిక్కులన్నీ మనకు రావు. మనకు వచ్చే చిక్కులు కొన్ని వాళ్ళకు కనిపించవు.

అలా కనిపించని చిక్కుల్లో పెద్దది ‘నువ్వు’, ‘మీరు’. రష్యన్‌లో ‘తీ’ అంటే నువ్వు, ‘వీ’ అంటే మీరు. రెండో భాగం 7వ అధ్యాయంలో అన్నా, ఆవిడ ప్రియుడు వ్రాన్‌స్కీ మీరు అనే అనుకుంటారు. 11వ అధ్యాయంలో, జరగాల్సింది జరిగిపోయాక, ‘నాకిక నువ్వు తప్ప ఏమీ లేదు’ అంటుంది ఆవిడ. మొదటిసారి ఆ గీత దాటింది. ఇంగ్లీషులో రెండు చోట్లా ఒకే ‘యూ’. ఏ అనువాదం కొన్నా అంతే, అది అనువాదకుల తప్పు కాదు. 22వ అధ్యాయానికి వస్తే వ్రాన్‌స్కీ ఫ్రెంచిలోకి మారతాడు. రష్యన్‌లో మీరంటే భరించలేనంత చల్లగా ఉంటుంది, నువ్వంటే ప్రమాదం, అందుకని. ఇంగ్లీషు పాఠకుడు ఇక్కడ తడబడతాడు, తెలుగు పాఠకుడికి ఇట్టే అందుతుంది. అయితే మనకో గుంట పొంచి ఉంది. ఆడమనిషి మగాణ్ణి మీరు అనడం మన నవలల అలవాటు. ఆ అలవాటు చొప్పున అన్నా చేత చివరిదాకా మీరు అనిపించావో, 11వ అధ్యాయంలో జరిగింది జరగనట్టే.

దీనికి రష్యన్ నేర్చుకోనక్కర్లేదు. లిపి నేర్చుకుంటే చాలు, వారం రోజుల పని. మూలం ఇంటర్నెట్‌లో ఉంది. ఆ సంభాషణ పక్కన పెట్టుకుని ఏ సర్వనామం ఉందో వెతికి పట్టుకో. విభక్తులతో రూపం మారుతుంది కాబట్టి రెండు సర్వనామాల రూపాలూ ఒక చీటీ మీద రాసి ముందుంచుకో.

ఇక పని చేసే పద్ధతి. ఒక పాతది, ఒక కొత్తది, రెండు ఇంగ్లీషు అనువాదాలు పక్కపక్కన పెట్టు. పుస్తకమంతా వద్దు, రోజుకు ఒక పేజీ. రెండూ ఒకే మాట చెప్పిన వాక్యాలను దాటిపో. విడిపోయిన చోట పెన్సిలుతో గీత గియ్యి. మూలంలో ముడి ఉన్న చోటే అవి విడిపోతాయి. గీతలున్న మాటలకే నిఘంటువు తియ్యి. మూడో అనువాదం అప్పుడే అవసరం, పంచాయతీ తీర్చడానికి. అయితే రెండూ కలిసి జారిన చోటు దీనికి దొరకదు, మన పంతులమ్మ వాక్యం లాగా. అందుకే వారానికి ఒక పేరా అయినా నేరుగా మూలంతో సరిచూడు.

కాఫ్కా ‘రూపాంతరం’ మొదటి వాక్యంతో ఇది బాగా తెలుస్తుంది. గ్రెగర్ జాంజా నిద్రలేచేసరికి ‘ఉన్‌గెట్సీఫర్’ అయి ఉంటాడు. పాత అనువాదకులు మ్యూర్ దంపతులు దాన్ని పెద్ద కీటకం అన్నారు. స్టాన్లీ కార్న్‌గోల్డ్ 1972లో ‘వర్మిన్’, అంటే రోత జీవి, అన్నాడు. మైకేల్ హాఫ్‌మన్ 2007లో బొద్దింకే చేసేశాడు. సుజన్ బెర్నోఫ్‌స్కీ 2014లో ‘ఏదో ఒక రకం వికృతమైన కీటకం’ అంది. ఇన్ని దారులు పట్టారంటే ముడి గట్టిదన్నమాట. ఆ జర్మన్ మాట ఏ ఒక్క పురుగు పేరూ కాదు, ఇంట్లో ఉండకూడని రోత జీవాలన్నిటికీ కలిపి వాడేది. పాత జర్మన్‌లో బలికి పనికిరాని అపవిత్ర జంతువు అన్న అర్థం దాని మూలంలో ఉంది. 1915లో కాఫ్కా ప్రచురణకర్తకు ఉత్తరం రాసి, అట్ట మీద ఆ పురుగు బొమ్మ వెయ్యొద్దని, దూరం నుంచి కనిపించేలా కూడా వద్దని వేడుకున్నాడు. బొమ్మే వద్దన్నవాడి కథలో బొద్దింక అని ఖరారు చెయ్యడం నాకు మింగుడుపడదు. హాఫ్‌మన్ మంచి రచయిత, ఆ వాక్యం చకచకా నడుస్తుంది కూడా, అయినా సరే. మన ‘పురుగు’ చూడు: పురుగూ పుట్రా అంటాం, రాత్రిపూట పామునీ పురుగే అంటాం. ఏదో తేల్చకుండానే ఒళ్ళు జలదరిస్తుంది. ఇంగ్లీషులోని ‘ఇన్‌సెక్ట్’ చూసి ‘కీటకం’ అని రాస్తే జంతుశాస్త్రం పాఠమవుతుంది.

కామూ సంగతీ అంతే. 1942 నాటి ‘ది స్ట్రేంజర్’ నవల తొలి వాక్యం ఫ్రెంచిలో నాలుగు మాటలు, మొదటిది ‘ఇవాళ’. స్టూవర్ట్ గిల్బర్ట్ 1946లో ‘మదర్’ అన్నాడు, మరీ బిగుసుకుపోయినట్టుంది. మాథ్యూ వార్డ్ 1988లో ఫ్రెంచి మాట ‘మమాఁ’నే ఉంచేశాడు. సాండ్రా స్మిత్ 2012లో ‘మై మదర్’ అంది. ముగ్గురూ ‘ఇవాళ’ను వాక్యం చివరికి నెట్టారు. ‘ఇవాళ అమ్మ చనిపోయింది.’ మనకు ఇందులో సమస్యే లేదు. ఇంగ్లీషు విమర్శకులు దీని మీద రాసినవన్నీ చదువు, కానీ ఆ గొడవను తెలుగు పీఠికలోకి మోసుకు రాకు.

మూలపాఠమే మారిన పుస్తకాల విషయంలో మాత్రం కొత్తదే కొను, మొహమాటం వద్దు. కాఫ్కా ‘విచారణ’, ‘కోట’ రెండూ అసంపూర్ణంగా మిగిలిన రాతప్రతులు. వాటిని కాఫ్కా స్నేహితుడు మాక్స్ బ్రాడ్ సర్ది అచ్చు వేయించాడు, మ్యూర్‌ల ఇంగ్లీషు ఆ సర్దుబాటు మీద నిలబడింది. రాతప్రతుల నుంచి జర్మన్‌లో మళ్ళీ పరిష్కరించిన పాఠం 1982లో ‘కోట’కు, 1990లో ‘విచారణ’కు వచ్చింది. వాటిని అనుసరించి మార్క్ హార్మన్ ‘కోట’నీ, బ్రియాన్ మిచెల్ ‘విచారణ’నీ 1998లో ఇంగ్లీషు చేశారు. మార్క్స్ ‘పెట్టుబడి’ మొదటి సంపుటం కూడా చూడు. 1887 నాటి ఇంగ్లీషుకు ఆధారం మూడో జర్మన్ ముద్రణ, 1976లో బెన్ ఫోక్స్ చేసినదానికి నాలుగోది. ఆ రెండూ ఎంగెల్స్ చేతిమీదుగా వచ్చినవి. 2024లో పాల్ రైటర్ చేసిన అనువాదం రెండో ముద్రణను తీసుకుంది, అంటే జర్మన్‌లో మార్క్స్ స్వయంగా చూసుకున్న చివరిది. ఒక పుస్తకం నుంచి ఉటంకించి మరో పుస్తకం పేజీ నంబరు ఇస్తే ఎందుకు కుదరదో దీన్నిబట్టి తెలుస్తుంది.

సిమోన్ ద బొవ్వా ‘సెకండ్ సెక్స్’ది కోతల కథ. 1953లో దాన్ని ఇంగ్లీషు చేసిన పార్ష్‌లీ జంతుశాస్త్రవేత్త. పదోవంతుకు పైగా ఎగిరిపోయింది, తాత్విక పరిభాష కలగాపులగమైంది. 2009లో బోర్డ్, మాలొవానీ షెవాలియేలు కోతలన్నీ పూడ్చారు. కానీ ఫ్రెంచి వాక్యాల పొడవు, సెమికోలన్లు అలాగే ఉంచేసరికి చదవడం కష్టమైందని విమర్శకురాలు టోరిల్ మోయ్ ఉతికి ఆరేసింది. పూర్తి పాఠం కోసం 2009ది కొను, చదివేటప్పుడు ఓపిక పట్టు. ‘స్త్రీగా ఎవరూ పుట్టరు’ అన్న వాక్యంలో స్త్రీకి ముందు ‘ఏ’ అనే ఆర్టికిల్ ఉండాలా వద్దా అని ఇంగ్లీషులో పెద్ద వాదు నడిచింది. తెలుగులో ఆ ‘ఏ’నే లేదు, వదిలెయ్.

ఒకటి రెండేళ్ళలో రెండు మూడు కొత్త అనువాదాలు వరసకట్టి వస్తే తేదీలు లెక్కెయ్యి. తత్వవేత్త విట్గెన్‌స్టైన్ 1951లో పోయాడు. ఐరోపాలో రచయిత పోయాక నడిచే 70 ఏళ్ళ కాపీరైటు గడువు 2021తో తీరింది. వెంటనే ఆయన పుస్తకం ‘ట్రాక్టాటస్’కు 2023లో మైకేల్ బీనీ, అలెగ్జాండర్ బూత్, 2024లో డేమియన్ సర్ల్స్ అనువాదాలు వచ్చాయి. మన దేశంలో గడువు రచయిత పోయాక 60 ఏళ్ళు. 1960లో పోయిన కామూ మీద ఇక్కడ హక్కులు 2020తో తీరాయి. కానీ వార్డ్ ఇంగ్లీషు ముందుంచుకుని తెలుగు చేశావంటే అది వార్డ్ అనువాదానికి అనువాదం. దానికి హక్కు వేరే, అనుమతి కావాలి. ఫ్రెంచి తెలిసిన స్నేహితురాలితో కూర్చుని మూలం నుంచి చేస్తే ఆ పేచీ లేదు. అచ్చు వేసే ముందు ఆలోచించే విషయం కాదిది, మొదటి పేజీ రాయకముందే తేల్చుకో.

తత్వశాస్త్రానికి నా షరతు ఒక్కటే: మార్జిన్‌లో మూలం అంకెలు ఉండాలి. కాంట్ ‘శుద్ధబుద్ధి విమర్శ’కు ఏ, బీ అంకెలు, అంటే 1781, 1787 ముద్రణల పుటలు. ప్లేటోకు స్టెఫానస్ అంకెలు, అరిస్టాటిల్‌కు బెక్కర్ అంకెలు, ఇవీ పాత ప్రామాణిక ముద్రణల పుటలే. అవి లేని ప్రతితో రెండు అనువాదాలు పోల్చలేవు, ఎవరి వ్యాఖ్యానాన్నీ వెతకలేవు. తర్వాత పుస్తకం వెనక పదసూచిక ఉందో లేదో చూడు. కాంట్ ‘ఫోర్‌స్టెలుంగ్’ను 1929లో కెంప్ స్మిత్, 1998లో గయర్, వుడ్ ‘రిప్రజెంటేషన్’ అన్నారు. 1996లో ప్లూహర్ ‘ప్రెజెంటేషన్’ అన్నాడు. మూడు అనువాదాలనూ కలిపి చదివితే ఒకే మాటను రెండు మాటలనుకుంటావు. ‘అన్‌షౌఉంగ్’ ఇంకా మోసం. దాని ఇంగ్లీషు ‘ఇంట్యూషన్’. అది చూసి ‘అంతర్జ్ఞానం’ అని రాశావో కొంప మునిగిందే. జర్మన్‌లో ఆ మాట చూడటం అన్న క్రియ నుంచి పుట్టింది. మన ‘ప్రత్యక్షం’ కొంచెం దగ్గర, కానీ న్యాయదర్శనం వాసన వెంట తెస్తుంది. హెగెల్ ‘గైస్ట్’ను 1910లో బెయిలీ ‘మైండ్’ అన్నాడు, 1977లో మిల్లర్ ‘స్పిరిట్’ అన్నాడు. మనం ‘ఆత్మ’ అంటే వేదాంతం మీద పడుతుంది, ‘మనస్సు’ అంటే చిన్నదైపోతుంది. ఇలాంటి వాటికి నోటుబుక్కులో మూడు గళ్ళు గియ్యి: మూలం మాట, ఇంగ్లీషువాళ్ళు వాడినవి, నీ తెలుగు. తెలుగు గడిని చాలాకాలం పెన్సిలుతోనే నింపు.

ఇంతకీ నీ ప్రశ్నకు జవాబు. గార్నెట్ ఉచితం, అది దింపుకో. దాంతో పాటు 2014లో రెండు వచ్చాయి, రోజమండ్ బార్ట్‌లెట్‌ది, మేరియన్ ష్వార్ట్స్‌ది. ష్వార్ట్స్ టాల్‌స్టాయ్ పునరుక్తులను పట్టుదలగా నిలబెట్టింది, కాబట్టి నీ పనికి అది కొను. నవల హాయిగా చదువుకోవడమే కావాలంటే బార్ట్‌లెట్. మొదటి అధ్యాయం రెండో పేరాను నీ తెలుగులో రాసి పంపు. ఎన్ని ఇళ్ళు మిగిలాయో లెక్కపెడతాను.

ఉంటాను.