పాఠకుల ప్రశ్నలు: గ్రీకు సువార్త ప్రతులు చదవాలంటే

విశాఖపట్నం పాఠకులు గ్రీకు కొత్త నిబంధన రాతప్రతుల మీద పంపిన ప్రశ్నల్లో నాలుగింటికి ఈసారి జవాబులు.

ప్రశ్న: ఒక సువార్త ప్రతి ఫొటోలు చూస్తున్నాను. చివర్లో లేఖకుడు వేసిన తేదీని క్రీస్తు శకంలోకి మారిస్తే, కేటలాగులో ఇచ్చిన ఏడాదికీ నా లెక్కకూ ఒక సంవత్సరం తేడా వస్తోంది. ఎందుకు?
– డిగ్రీ విద్యార్థి, మద్దిలపాలెం

జవాబు: బహుశా మీరు నెల చూసుకోలేదు. బైజాంటియం, అంటే తూర్పు రోమన్ సామ్రాజ్యపు లేఖకులు సృష్టి మొదలైన నాటి నుంచి ఏళ్లు లెక్కపెట్టేవారు. వాళ్ల సంవత్సరాది సెప్టెంబరు 1. కాబట్టి జనవరి–ఆగస్టు నెలలైతే 5508, సెప్టెంబరు–డిసెంబరు నెలలైతే 5509 తీసేయాలి. సింహాచలం శాసనాలు చదివేవారు శకాబ్దానికి 78 కలుపుతూ, ఏడాది చివరి నెలలకు మాత్రం 79 కలుపుతారు కదా, ఇదీ అలాంటిదే.

సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఉన్న ఉస్పెన్‌స్కీ సువార్తలతో సాధన చేయండి. చిన్నక్షరాల లిపిలో తేదీ ఉన్న గ్రీకు ప్రతుల్లో అదే అన్నిటికన్నా పాతది. ఏడాది 6343, మే 7, ఇండిక్షన్ 13. మే కాబట్టి 5508 తీసేస్తే 835. ఇండిక్షన్ అంటే 15 ఏళ్ల చక్రంలో ఎన్నో ఏడు అని. 6343ను 15తో భాగిస్తే శేషం 13, అంటే లెక్క కుదిరింది. శేషం సున్నా వస్తే ఇండిక్షన్ 15 అని తీసుకోవాలి.

ఈ రెండూ పొసగలేదంటే సాధారణంగా అంకెనే తప్పు చదివి ఉంటాం. గ్రీకులో అంకెలు అక్షరాలే. వేల స్థానాన్ని చూపేది అక్షరానికి ఎడమవైపు కింద ఉండే చిన్న గీత ఒక్కటే. అది వెలిసిపోతే 6000 కాస్తా 6లా కనిపిస్తుంది. లెక్క కుదిరాక కూడా తేదీ రాసిన సిరా, చేతిరాత అసలు పాఠంతో కలుస్తున్నాయో లేదో చూడండి. మూలప్రతిలోని పుష్పికను, అంటే చివర్లో లేఖకుడు రాసే మాటలను, తేదీతో సహా దించేసిన లేఖకులున్నారు. తర్వాత చదివినవాళ్లు వేసుకున్న తేదీలూ ఉంటాయి.

ప్రశ్న: ఫొటోలు మాత్రమే చూసి, మధ్యలో ఆకులు పోయాయని పట్టుకోవచ్చా?
– రిటైర్డ్ లైబ్రేరియన్, సీతమ్మధార

జవాబు: పార్చ్‌మెంటు, అంటే రాతకు సిద్ధం చేసిన తోలు ప్రతి అయితే చాలావరకు పట్టుకోవచ్చు. మామూలుగా నాలుగు తోలు పత్రాలను మధ్యకు మడిచి ఒక కట్ట కడతారు. కట్టకు 8 ఆకులు, 16 పుటలు. తోలులో వెంట్రుకలున్న వైపు పసుపుపచ్చగా ఉండి, రోమకూపాల చుక్కలు కనిపిస్తాయి. మాంసం వైపు తెల్లగా, నునుపుగా ఉంటుంది. పుస్తకం తెరిస్తే ఎదురెదురు పుటలు ఒకే రకంగా ఉండేలా పత్రాలను పేర్చేవారు. గ్రీకు కట్ట సాధారణంగా మాంసం వైపుతో మొదలవుతుంది. ఎక్కడైనా పసుపు పుటకు ఎదురుగా తెల్ల పుట వచ్చిందంటే, అక్కడ ఒక ఆకు పోయి ఉండవచ్చు.

ఈ పరీక్షకు దొరకని లోటు ఒకటుంది. కట్ట మధ్యలోని పత్రం, అంటే 4, 5 ఆకులు రెండూ కలిసి ఊడిపోతే, 3వ ఆకు వెనక, 6వ ఆకు ముందు రెండూ వెంట్రుకల వైపే కాబట్టి తేడా తెలియదు. అందుకే కట్ట సంఖ్యలు, ఒక్కో కట్టకు ఆకుల లెక్క, పుట మారేచోట వాక్యం అతుకుతోందా అన్నది తప్పకుండా చూడాలి. కాగితం ప్రతులకు ఈ రంగు పరీక్ష పనికిరాదు.

ఎక్కువగా పోయేవి మొదటి, చివరి ఆకులు. డచ్ పండితుడు ఎరాస్మస్ 1516లో గ్రీకు కొత్త నిబంధన అచ్చువేసినప్పుడు ప్రకటన గ్రంథానికి ఆయన దగ్గర ఉన్నది ఒక్కటే ప్రతి, ఇప్పుడు పండితుల జాబితాలో 2814 అనే నంబరుతో పిలిచేది. దాని చివరి ఆకు లేదు. 22వ అధ్యాయం చివరి ఆరు వచనాలను ఆయన లాటిన్ నుంచి గ్రీకులోకి మార్చి అచ్చుకిచ్చాడు. ఒక్క ఆకు పోయినందుకు అచ్చు పాఠం వందల ఏళ్లపాటు ఆ గుర్తులు మోసింది.

ప్రశ్న: 4వ శతాబ్దపు వాటికన్, సీనాయి ప్రతులుండగా 10, 12వ శతాబ్దాల్లో దించినవాటితో పనేమిటి?
– పాస్టర్, గాజువాక

జవాబు: ప్రతి వయసు వేరు, అందులోని పాఠం వయసు వేరు. గ్రీసులోని ఆథోస్ కొండ మీది 1739 నంబరు ప్రతిని ఎఫ్రాయిం అనే లేఖకుడు 10వ శతాబ్దంలో రాశాడు. పౌలు పత్రికలకు ఆయన ముందున్న మూలం చాలా పాతది, అందులో 3వ శతాబ్దపు క్రైస్తవ పండితుడు ఓరిజెన్ పాఠపు జాడలున్నాయి. అలాంటి ప్రతిని ఆలస్యపుది అని పక్కన పెడితే నష్టం మనకే.

ఇంకో మేలు, ప్రతుల బంధుత్వం తెలుస్తుంది. 13, 69, 124, 346 అనే నాలుగింటినీ కలిపి చూసిన డబ్లిన్ పండితుడు ఫెరార్, అవన్నీ ఒకే మూలం నుంచి వచ్చాయని గుర్తించాడు. వాటిలో వ్యభిచారంలో పట్టుబడిన స్త్రీ కథ యోహాను 8లో కాక, లూకా 21:38 తర్వాత ఉంటుంది. ఆ కథ మొదట్లోలాగే ఆ వచనం కూడా జనం పెందలాడే దేవాలయానికి రావడం గురించే.

మన ఊరి సంగతి కూడా దీనికి తగిలేదే. విశాఖలో మిషనరీ అగస్టస్ డెస్ గ్రాంజెస్ మొదలుపెట్టిన తెలుగు అనువాదంలోని సువార్తలు 1812లో బెంగాల్‌లోని సేరంపూరులో అచ్చయ్యాయి. అప్పటికి సీనాయి ప్రతి ఐరోపా పండితుల కంట పడలేదు. అచ్చులో దొరికే గ్రీకు పాఠానికి ప్రధాన ఆధారం ఈ ఆలస్యపు ప్రతులే.

ప్రశ్న: మా చర్చికి కానుకగా వచ్చిన పార్చ్‌మెంటు ఆకును ఫ్రేము కట్టి గోడకు పెట్టాం. అంచులు వంకర తిరిగాయి, అక్షరాలు పొరలుగా లేస్తున్నాయి. నిమ్మగడ్డి నూనె రాయమంటున్నారు.
– సంఘ పెద్ద, భీమిలి

జవాబు: దయచేసి రాయకండి. ఆ నూనె తాటాకులకు మేలు చేస్తుంది. తోలుకు పడితే మరకై, పత్రం పారదర్శకమై, ఇక వదలదు. ఇస్త్రీ, లామినేషన్, టేపు, తడిగుడ్డ కూడా వద్దు. వేడి, తడి తగిలితే తోలు ముడుచుకుని గట్టిపడుతుంది.

సముద్రపు గాలి తేమకు తోలు సాగుతుంది, ఆరితే ముడుచుకుంటుంది. నునుపైన మాంసం వైపు సిరాకు పట్టు తక్కువ కాబట్టి ముందు అక్కడే రాలుతుంది. పగలంతా ఏసీ వేసి రాత్రి ఆపేయడం మరీ చేటు. ముందు ఫ్రేమును గోడ నుంచి దించి, అక్షరాల వైపు పైకి ఉండేలా బల్లపరుపుగా ఉంచండి. ఆకు గాజుకు అంటుకుని ఉంటే లాగవద్దు, ఆ పని కన్జర్వేటర్‌కే, అంటే పాత ప్రతులను బాగుచేసే నిపుణులకే వదలాలి. అంటుకోకపోతే ఆమ్లం లేని అట్టల మధ్య, ఒత్తిడి పడకుండా పెట్టెలో పెట్టి, బయటి గోడకు దూరంగా, తేమ 50 శాతానికి దగ్గరగా నిలకడగా ఉండే గదిలో ఉంచండి. పెట్టెలో చిన్న తేమ మీటరు వేయండి. సిలికా జెల్ గుప్పెళ్లకొద్దీ పోస్తే ఆకు బిరుసెక్కి అంచులు ఇంకా లేస్తాయి. రాలిన సిరా ముక్కలను ఊదేయకుండా చిన్న కవరులో దాచి, కన్జర్వేటర్ వచ్చినప్పుడు ఇవ్వండి.