జపాన్ సినిమాకు తెలుగు హక్కులు: ఆ లేఖలో అసలు ఏముంది?

ప్రశ్న: మాది విజయవాడ. చిన్న సినిమాలను జిల్లాల వారీగా కొని ఆడించే పని పదకొండేళ్లుగా చేస్తున్నాను. ఒక జపాన్ యానిమేషన్ సినిమాకు తెలుగు డబ్బింగ్, థియేటర్ హక్కులు తన దగ్గర ఉన్నాయని ముంబై మధ్యవర్తి ఒకరు చెప్పారు. జపాన్ కంపెనీ లెటర్‌హెడ్ మీద ఉన్న లేఖ కూడా చూపించారు. విజయవాడలోనే అగ్రిమెంటు రాసుకున్నాం. 2023 నవంబరు 10న 12 లక్షలు, 2024 జనవరి 22న 6 లక్షలు బ్యాంకు ద్వారా పంపాను. మా ఆవిడ నగలు తాకట్టు పెట్టి తెచ్చిన డబ్బు అది. డబ్బింగ్‌కు మరో 7 లక్షలు అయ్యాయి. 2025 ఆగస్టులో జపాన్ నుంచి వేరే కంపెనీ 'మీకు ఏ హక్కులూ ఇవ్వలేదు, వెంటనే ఆపండి' అని మెయిల్ పెట్టింది. మధ్యవర్తి మాత్రం 'ఒక్క నెల ఆగండి, సర్దుతాను' అని వాట్సాప్‌లో చెబుతూనే ఉన్నాడు. టెన్షన్‌తో నిద్ర పట్టడం లేదు. డబ్బంతా కట్టేశాను కదా, సినిమా విడుదల చేసుకునే హక్కు నాకు లేదా? కాలేజీల్లో షోలు వేసి, వేరే పేరుతో యూట్యూబ్‌లో పెట్టి కొంతైనా రాబట్టుకోమని ఒక మిత్రుడు అంటున్నాడు. ఏం చేయమంటారు?
- ఒక పాఠకుడు

జవాబు: మీరు ఎంత కట్టారు, ఎక్కడి నుంచి తెచ్చి కట్టారు అన్న దానితో ఈ కేసు తేలదు. సినిమా యజమాని మీకు గానీ, మీ మధ్యవర్తికి గానీ రాతపూర్వకంగా హక్కు ఇచ్చాడా లేదా అన్నదే తేల్చే విషయం. అందుకే మీరు పంపిన కాగితాల్లో ముందుగా ఆ జపనీస్ లేఖ తీసి, ఆ భాష తెలిసిన వారి చేత చదివించాను. అందులో ఉన్నవి నాలుగే వాక్యాలు. మూడో వాక్యం: 'మీ ప్రతిపాదనను నిర్మాణ కమిటీ ముందు ఉంచుతాము.' హక్కులు ఇచ్చినట్టు లేఖలో ఒక్క ముక్క లేదు. ఇచ్చే ఉద్దేశం ఉన్నట్టు కూడా లేదు.

జపాన్ సినిమా వ్యాపారం తెలియకపోతే ఆ 'కమిటీ' అన్న మాట బరువు అర్థం కాదు. అక్కడ చాలా సినిమాలను ఒకే నిర్మాత తీయడు. టీవీ ఛానల్, ప్రచురణ సంస్థ, పంపిణీ సంస్థ, బొమ్మల కంపెనీ, ప్రకటనల ఏజెన్సీ లాంటివి కలిసి పెట్టుబడి పెడతాయి. దీన్ని 'సెయిసాకు ఇయింకాయ్' అంటారు, అంటే నిర్మాణ కమిటీ. మీరు పంపిన పోస్టరు అడుగున, కాపీరైట్ గుర్తు పక్కన సంవత్సరం, సినిమా పేరు, ఆ వెంటనే ఉన్న జపనీస్ అక్షరాలు ఇవే. సాధారణంగా టీవీ ప్రసారం, వీడియో, బొమ్మలు, విదేశీ అమ్మకాలు ఒక్కొక్కటి ఒక్కో సభ్యుడి చేతిలో ఉంటాయి. మీకు లేఖ రాసిన కంపెనీ తన లెటర్‌హెడ్ మీదే బొమ్మల తయారీదారునని రాసుకుంది. విదేశీ హక్కులు చూసే సభ్యుడు వేరు. ఆగస్టులో మీకు మెయిల్ పెట్టింది బహుశా ఆ సభ్యుడే.

జపాన్ కాపీరైట్ చట్టం 65వ అధికరణం ప్రకారం ఉమ్మడి కాపీరైట్‌లో సహ యజమానులంతా ఒప్పుకోకుండా ఒక్కరే హక్కును వినియోగించలేరు, తన వాటాను మరొకరికి బదిలీ కూడా చేయలేరు. మన కాపీరైట్ చట్టం సెక్షన్ 30 కూడా యజమాని గానీ, అతను అధికారం ఇచ్చిన ఏజెంటు గానీ రాతపూర్వకంగా లైసెన్సు ఇవ్వాలంటుంది. మధ్యవర్తికే లేని హక్కు అతని నుంచి మీకు రాదు. మీరు మంచి నమ్మకంతో కొన్నారన్నది ఇక్కడ పనికిరాదు.

పోనీ హక్కు ఉందనే అనుకుందాం. మీ అగ్రిమెంటులో విడుదల గడువు లేదు. అలాంటప్పుడు ఏడాదిలోపు హక్కు వాడుకోకపోతే అది రద్దయినట్టేనని సెక్షన్ 19(4) చెబుతుంది. సెక్షన్ 30ఎ వల్ల అది లైసెన్సులకూ వర్తిస్తుంది. ఎటు నుంచి చూసినా ఈ సినిమా ఇవాళ మీది కాదు.

ఒక మాట కటువుగా చెప్పక తప్పదు. పదకొండేళ్లుగా సినిమాలు కొంటున్నారు. తెలుగు సినిమా ఒక జిల్లాకు కొనేటప్పుడు లింకు డాక్యుమెంట్లు, అంటే హక్కు ఎవరి నుంచి ఎవరికి వచ్చిందో చూపే కాగితాలు అడగకుండా రూపాయి ఇస్తారా? ఇక్కడ 18 లక్షలు ఇచ్చేముందు నాలుగు వాక్యాల లేఖను అనువాదం చేయించడానికి కొన్ని వేలు ఖర్చు పెట్టలేదు. ఆ అజాగ్రత్త ఇప్పుడు మీ గడువు మీద కూడా దెబ్బ కొట్టవచ్చు.

ఎలాగంటే, ఇలా కట్టిన డబ్బు తిరిగి రాబట్టడానికి దావా గడువు మూడేళ్లు. మోసం జరిగితే అది తెలిసిన రోజు నుంచి లెక్క అని లిమిటేషన్ చట్టం సెక్షన్ 17 చెబుతుంది కాబట్టి, 2025 ఆగస్టు నుంచి లెక్కించమని మనం అడగవచ్చు. కానీ ఆ సెక్షన్‌లోనే 'తగిన జాగ్రత్త తీసుకుంటే ఎప్పుడు తెలిసేదో' అన్న షరతు ఉంది. లేఖ 2023 నుంచి మీ చేతిలోనే ఉంది, చదివించుకుంటే అప్పుడే తెలిసేదని అవతలి లాయరు వాదిస్తాడు. కాబట్టి ఆ వాదన మీద ఆధారపడకండి. డబ్బు పంపిన రోజు నుంచే లెక్కపెట్టండి: మొదటి విడతకు 2026 నవంబరు 10 దాటకూడదు.

'ఒక్క నెల ఆగండి' అన్న మెసేజ్‌లు గడువును పెంచుతాయన్న ధీమా వద్దు. సెక్షన్ 18 కింద గడువు కొత్తగా మొదలవ్వాలంటే, పాత గడువు ముగియకముందే బాకీ ఒప్పుకుంటూ సంతకంతో కాగితం ఉండాలి. నిజంగా ఇచ్చే ఉద్దేశం ఉంటే, ఎంత ఇవ్వాలో రాసి, తేదీ వేసి, సంతకం పెట్టి ఇమ్మనండి. ఇవ్వకపోతే ఆ నెల నెలా ఎందుకు అడుగుతున్నాడో మీకే తెలుస్తుంది.

ఇక మీ మిత్రుడి సలహా. దయచేసి ఆ పని చేయకండి. జపాన్ సినిమాకు మన దేశంలోనూ కాపీరైట్ రక్షణ ఉంది. తెలిసి ఉల్లంఘిస్తే కాపీరైట్ చట్టం సెక్షన్ 63 కింద ఆరు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు. ఇది కాగ్నిజబుల్ (వారెంటు లేకుండా అరెస్టు చేయగల), నాన్ బెయిలబుల్ (బెయిలు హక్కుగా రాని) నేరమని 2022లో సుప్రీంకోర్టు చెప్పింది. ఆగస్టు మెయిల్ మీ ఇన్‌బాక్స్‌లో ఉండగా 'తెలియక చేశాను' అని ఎవరికీ చెప్పలేరు. సెన్సార్ సర్టిఫికెట్ లేకుండా కాలేజీల్లో షోలు వేయడం మరో కేసు. అన్నిటికంటే పెద్ద నష్టం ఇంకొకటి ఉంది. సినిమా ఆడించి పది రూపాయలు సంపాదించారంటే, 'హక్కు వాడుకున్నాడు, ఇక డబ్బు వాపసు ఏమిటి' అనే ఆయుధం మధ్యవర్తి చేతికి మీరే అందించినట్టు. మీకు నిలబడే కేసు ఉన్నది ఆ వాపసు మీదే.

ఆ కేసు ఇది. ఒప్పందం చెల్లనిదని తేలినప్పుడు, దాని కింద తీసుకున్నది తిరిగి ఇవ్వాలని కాంట్రాక్టు చట్టం సెక్షన్ 65 చెబుతుంది. ముందు లాయరు నోటీసు ఇప్పించండి. పంపిణీ, లైసెన్సు ఒప్పందాల తగాదా కమర్షియల్ కోర్టు పరిధిలోకి వస్తుంది. అగ్రిమెంటు విజయవాడలో రాసుకున్నారు, అందులో వేరే ఊరి కోర్టు అని లేదు కాబట్టి విజయవాడలోనే వేయవచ్చు. అత్యవసర ఉత్తర్వులు కోరితే తప్ప దావాకు ముందు జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ద్వారా మీడియేషన్‌కు, అంటే రాజీ చర్చలకు వెళ్లడం తప్పనిసరి. అక్కడ పట్టిన కాలాన్ని గడువులోంచి మినహాయిస్తారు. దరఖాస్తును చివరి నెల దాకా లాగకండి.

పోలీసు ఫిర్యాదు కూడా ఇవ్వవచ్చు. డబ్బు తీసుకున్నది కొత్త శిక్షాస్మృతి అమల్లోకి వచ్చిన 2024 జులై 1కి ముందు కాబట్టి, మోసానికి పాత ఐపీసీ 420 సెక్షనే వర్తిస్తుంది. కానీ క్రిమినల్ కేసు నడుస్తోందని దావా గడువు ఆగదు. స్టేషన్ చుట్టూ తిరుగుతూ మూడేళ్లు దాటించుకున్నవారిని చాలామందిని చూశాను.

సాక్ష్యాలు: వాట్సాప్ సంభాషణ ఉన్న ఫోన్ మార్చకండి, రీసెట్ చేయకండి. కోర్టులో ఆ సంభాషణ చెల్లాలంటే కొత్త సాక్ష్య చట్టం, అంటే భారతీయ సాక్ష్య అధినియమ్ సెక్షన్ 63 కింద సర్టిఫికెట్ కావాలి. జపనీస్ లేఖకు ధ్రువీకరించిన అనువాదం చేయించండి. డబ్బింగ్ ఖర్చులో ఆర్టిస్టులకు చేతికిచ్చిన 3 లక్షలకు వోచర్లు లేవని రాశారు. స్టూడియో బిల్లు ఉన్న 4 లక్షలు గట్టిగా అడగవచ్చు. మిగతాదానికి ఇప్పుడే ఆ ఆర్టిస్టుల దగ్గర సంతకంతో రసీదులు తీసుకోండి. జరిగిన తేదీ, రసీదు రాసిన తేదీ రెండూ నిజంగా ఉన్నవే వేయండి. వెనక తేదీతో రాస్తే ఉన్న కేసూ పోతుంది.

మరో దారి కూడా తెరిచి ఉంది. మెయిల్ పెట్టిన కంపెనీకి లాయరు ద్వారా 'వితౌట్ ప్రెజుడిస్' (ఇందులో రాసింది నా హక్కులకు భంగం కాదు) అని రాసి జవాబు ఇవ్వండి. ఎవరి చేతిలో ఎలా మోసపోయారో చెప్పి, ఏ హక్కూ కోరకుండా, తెలుగు డబ్బింగ్ ట్రాక్ సిద్ధంగా ఉందని తెలపండి. 2025 సెప్టెంబరులో 'డీమన్ స్లేయర్: ఇన్ఫినిటీ క్యాజిల్' తెలుగులో కూడా థియేటర్లకు వచ్చింది. తెలుగులో జపాన్ యానిమేషన్‌కు మార్కెట్ ఉందని వాళ్లకూ తెలుసు. లైసెన్సు ఇస్తామంటే ఈసారి డబ్బింగ్, థియేటర్, ప్రాంతం, కాలపరిమితి విడివిడిగా రాయించుకుని, కమిటీ తరఫున సంతకం చేసే అధికారం తనకుందని చూపే పత్రం అడగండి. అది వచ్చేదాకా స్టూడియోలో ఉన్న హార్డ్ డిస్క్ తెప్పించుకుని, ఇంకో కాపీ లేదని స్టూడియో చేత రాయించుకుని మీ బీరువాలో పెట్టుకోండి.