చతురస్రానికి మూడు భుజాలుంటే... ఆ వాక్యం సత్యం ఎలా అయింది?

‘చతురస్రానికి మూడు భుజాలుంటే త్రిభుజానికి నాలుగు కోణాలుంటాయి’ అన్నదానికి మీ తమ్ముడి డిగ్రీ పుస్తకంలో సత్యమని జవాబిచ్చారు, అచ్చుతప్పా అని అడిగారు. కాదండీ, పుస్తకం సరిగానే ఉంది. నేను విజయనగరంలో లెక్కల ట్యూషన్ చెప్తుంటాను. ఈ ‘అయితే’ దగ్గర ప్రతి బ్యాచ్‌లోనూ గొడవే.

మంగళవారం నాడు వచ్చే మా పైడితల్లి అమ్మవారి పండగ సిరిమాను ఉంది కదా, ‘సిరిమాను రోజైతే ట్యూషన్ ఉండదు’ అని పిల్లలకి చెప్పాననుకోండి. ఆ రోజు పాఠం పెడితే మాట తప్పినట్టు. మామూలు మంగళవారం నాడు పెట్టినా, మానేసినా నా మాట అబద్ధమైందని ఎవరూ అనలేరు, ఆ రోజు సంగతి నేను అసలు ఎత్తలేదు కదా. మొదటి భాగం సత్యమై, రెండోది అసత్యమైతేనే ‘అయితే’ వాక్యం అసత్యం. మీ లెక్కలో మొదటి భాగమే అసత్యం, ఇక రెండోది చూడక్కర్లేదు.

‘మరియు’, ‘లేదా’ సులువే. మన కోట చతురస్రాకారం, గంటస్తంభం ఎనిమిది పలకలది. ‘కోట చతురస్రం మరియు గంటస్తంభం గుండ్రం’ అసత్యం. అందులో ‘మరియు’ తీసి ‘లేదా’ పెడితే సత్యం. రెండు భాగాలూ సత్యమైనా ‘లేదా’ వాక్యం సత్యమే, చాలామంది ఇది మర్చిపోతారు.

నన్నడిగితే, మార్కులు ఎక్కువగా పోయేది బొమ్మల దగ్గరే. ‘చతురస్రం దీర్ఘచతురస్రం మరియు రాంబస్’ అని బోర్డు మీద రాస్తే, ‘దీర్ఘచతురస్రం పొడుగ్గా ఉండాలి కద మాస్టారూ’ అంటారు. పొడుగుతో పనిలేదు. నాలుగూ లంబకోణాలైతే దీర్ఘచతురస్రం, నాలుగు భుజాలూ సమానమైతే రాంబస్. చతురస్రానికి రెండూ ఉన్నాయి, వాక్యం సత్యం. ట్రెపీజియం వచ్చినప్పుడు మాత్రం ముందు నిర్వచనం చూడమనండి. ‘ఒక్క జత ఎదుటి భుజాలే సమాంతరం’ అనే పుస్తకంలో ‘సమాంతర చతుర్భుజం ట్రెపీజియమే’ అసత్యం. ‘కనీసం ఒక జత’ అనే పుస్తకంలో అదే వాక్యం సత్యం! పరీక్షకి ఏ పుస్తకమైతే దాన్నే పట్టుకోవాలి.

ఇక ‘చతుర్భుజం కర్ణాలు సమానమైతే అది దీర్ఘచతురస్రం’ లాంటివి వస్తే సత్యపట్టిక (ఒక్కో భాగం సత్యమా, అసత్యమా అని రాసుకునే పట్టిక) వేసుకుని కూర్చోవద్దు. ఏ చతుర్భుజమో చెప్పలేదంటే అన్నిటికీ వర్తించాలి, ఒక్కటి ఎదురు తిరిగినా వాక్యం అసత్యం. కింది భుజం 6 సెంటీమీటర్లు, పైది 2, ఎత్తు 3, పక్క భుజాలు రెండూ సమానం, ఇలా ఒక ట్రెపీజియం గీసి కొలవమనండి. రెండు కర్ణాలూ సరిగ్గా 5 సెంటీమీటర్లే వస్తాయి, లంబకోణం మాత్రం ఒక్కటీ ఉండదు. అదే వాక్యంలో చతుర్భుజం బదులు సమాంతర చతుర్భుజం అని ఉంటే సత్యమే.