క్లబ్బులు మారుతూ ఆడబోయే కార్తీక్‌కి

చిరంజీవి కార్తీక్‌కి,

పెదనాన్న ఆశీస్సులు. తెలుగు చదవడం నీకు కాస్త నెమ్మదని తెలుసు. ఎక్కడైనా ఆగిపోతే మీ అమ్మ చేత చదివించుకో. ఆవిడ వినడం కూడా మంచిదే, నీకంటే ఎక్కువ టెన్షన్ పడుతున్నది ఆవిడే.

అండర్-19 అయ్యాక నిన్ను ఉంచుకోవడం లేదని ఫుట్‌బాల్ అకాడమీ వాళ్లు చెప్పేశారు. జర్మనీ లీగుల నాలుగో అంచెలో, అంటే రెగియోనల్‌లీగాలో, రెండు క్లబ్బులు ట్రయల్‌కి రమ్మన్నాయి. మీ నాన్న ఫోన్లో "ఇక చదువు చూసుకుంటాడులే అన్నయ్యా" అన్నాడు. నువ్వు ఏమీ మాట్లాడలేదట. ఇక్కడ ఎస్సెన్‌లో పిల్లలకు ఆట నేర్పుతూ, సరిగ్గా ఈ వయసులో ఈ మాట విన్న కుర్రాళ్లను చాలామందిని చూశాను. అందుకని సూటిగా చెబుతున్నాను. నువ్వు ఆడొచ్చు, ఆటనే బతుకుతెరువు చేసుకోవచ్చు. అయితే టీవీలో కనిపించే డిఫెండర్ల జీవితం కాదు నీది. ఊళ్లు మారుతూ, జెర్సీలు మారుతూ, రెండో లీగ్‌కీ నాలుగో లీగ్‌కీ మధ్య పదిహేనేళ్లు పనిచేసే డిఫెండర్ జీవితం. అందులో చిన్నతనం ఏమీ లేదు. దానికీ ఒక పనితనం ఉంది.

విల్లీ లాండ్‌గ్రాఫ్ పేరు మీ వయసు వాళ్లు విని ఉండరు. ఈ రూర్ ప్రాంతం మనిషే, పుట్టింది మ్యూల్‌హైమ్‌లో. రైట్ బ్యాక్. ఎత్తు 1.66 మీటర్లు. నువ్వు 1.83 ఉండి సెంటర్ బ్యాక్‌కి ఎత్తు చాలదన్నారని దిగులుపడుతున్నావు కాబట్టి ఈ అంకె ముందు చెబుతున్నాను. రోట్-వైస్ ఎస్సెన్, హోంబుర్గ్, గ్యూటర్స్‌లోహ్, అలెమానియా ఆహెన్ క్లబ్బుల తరఫున రెండో బుండెస్‌లీగాలో, అంటే జర్మనీ రెండో లీగ్‌లో, 508 మ్యాచ్‌లు ఆడాడు. ఆ లీగ్‌లో ఇప్పటికీ అదే రికార్డు. మొదటి బుండెస్‌లీగాలో మాత్రం ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు. 2006లో ఆహెన్ పై లీగ్‌కి వెళ్లింది, అదే వేసవిలో 37 ఏళ్ల లాండ్‌గ్రాఫ్ ఆ జట్టు వదిలి షాల్కె రెండో జట్టుకు వచ్చాడు. తర్వాత అక్కడే పిల్లలకు కోచ్ అయ్యాడు.

కార్ల్-హైంజ్ కోర్బెల్ అని ఇంకో డిఫెండర్ ఉన్నాడు. 1972 నుంచి 1991 దాకా బుండెస్‌లీగాలో 602 మ్యాచ్‌లు, అన్నీ ఫ్రాంక్‌ఫుర్ట్‌కే. గొప్ప విషయమే, కాదనను. కానీ ఇరవై ఏళ్లు ఒకే క్లబ్ అట్టిపెట్టుకునే అదృష్టం ఎంతమందికి ఉంటుంది? లాండ్‌గ్రాఫ్ వెళ్లిన చోట్లు చూడు. 1994లో ఎస్సెన్ రెండో డివిజన్ జట్టుగా ఉండి జర్మన్ కప్ ఫైనల్ దాకా వెళ్లింది, అదే సీజన్లో లైసెన్స్ పోగొట్టుకుని కింది లీగ్‌కి దిగిపోయింది. గ్యూటర్స్‌లోహ్ క్లబ్ అతను వెళ్లిపోయాక 2000లో దివాలా తీసి కొత్తగా మొదలైంది. ఆహెన్ కూడా తర్వాతి రోజుల్లో దివాలా మెట్లెక్కింది. ఆ క్లబ్బుల కింద నేల కదులుతూనే ఉంది, అతను మాత్రం ప్రతి వారాంతం కుడి వైపు నిలబడి తన పని చేసుకుపోయాడు. నాకు అతనంటే అంత గౌరవం.

ఇప్పుడు నీ సంగతి. రెండు క్లబ్బుల్లో పేరున్న దానివైపు నీ మనసు లాగుతోందని మీ అమ్మ చెప్పింది. స్టేడియం పెద్దది, జనం ఎక్కువ వస్తారు, ఒకప్పుడు బుండెస్‌లీగాలో ఆడిన క్లబ్. సరే. అక్కడ నీ పొజిషన్లో ఎంతమంది ఉన్నారో చూశావా? వాళ్ల వయసెంత, ఎవరి కాంట్రాక్ట్ ఎప్పటిదాకా ఉంది? కోచ్ నలుగురితో వెనక లైన్ ఆడిస్తాడా, ముగ్గురితోనా? పందొమ్మిదేళ్ల డిఫెండర్‌కి కావలసింది మ్యాచ్‌లు. దాడి చేసే కుర్రాడు చివరి పది నిమిషాలు దిగి ఒక గోల్ కొట్టి పేరు తెచ్చుకోవచ్చు. డిఫెండర్‌ని అలా చివర్లో దింపరు, దింపినా పది నిమిషాల్లో అతనేంటో ఎవరికీ తెలియదు. ఏడాదంతా బెంచ్ మీద కూర్చున్న డిఫెండర్‌ని మరుసటి ఏడాది చూసేవాడే ఉండడు. శనివారం పదకొండు మందిలో నీ పేరు ఉండే క్లబ్ ఎంచుకో, అది ఎంత చిన్న ఊరైనా సరే.

మైదానంలో విషయాలు నీ కోచ్‌లు చాలా చెప్పి ఉంటారు. నేను మూడే చెబుతాను.

మొదటిది, ఇంకో పొజిషన్ నేర్చుకో. సెంటర్ బ్యాక్‌తో పాటు రైట్ బ్యాక్ ఆడటం వస్తే చిన్న క్లబ్‌కి నువ్వు ఇద్దరి పెట్టు. బడ్జెట్ తక్కువ ఉన్న చోట కోచ్ మొదట చూసేది అదే. ఎడమ కాలు మీద కూడా పనిచెయ్యి. అద్భుతాలు అక్కర్లేదు, ఒత్తిడిలో బంతిని ఎడమ కాలితో టచ్‌లైన్ వెంబడి ముందుకు పంపగలిగితే చాలు.

రెండోది నోరు. నువ్వు మంచి కుర్రాడివి, నెమ్మదస్తుడివి, ఇంట్లో అది ముద్దుగానే ఉంటుంది. వెనక లైన్‌లో నెమ్మది పనికిరాదు. ప్రత్యర్థి బంతిని వెనక్కి ఆడగానే "రావుస్" అని అరిచి లైన్ మొత్తాన్ని ముందుకు కదిలించాలి. మిడ్‌ఫీల్డర్ వెనక నుంచి మనిషి వస్తుంటే "హింటర్‌మాన్", ఖాళీ ఉంటే "త్సైట్", బంతి నీదైతే "లియో". ఇవన్నీ నీకు వచ్చినవే, కానీ గట్టిగా, సమయానికి, 90వ నిమిషంలో ఊపిరి అందనప్పుడు కూడా రావాలి. కొత్త జట్టులో నీ పేరు కూడా సరిగ్గా తెలియని వాళ్లు మొదటి వారమే నిన్ను నమ్మేది ఆ గొంతును బట్టి.

మూడోది, గోల్ దూరపు పోస్ట్ దగ్గర నువ్వు నిలబడే తీరు. నీ వీడియో చూశాను. ఎడమ వైపు నుంచి క్రాస్ వస్తోంది. నువ్వు బంతి వైపు పూర్తిగా తిరిగిపోయావు, ఛాతీ మొత్తం అటే. నీ వెనక స్ట్రైకర్ రెండు అడుగులు వెనక్కి వేసి నీ భుజం చాటు నుంచి ముందుకొచ్చాడు. అతను తలతో కొట్టేదాకా నీకు తెలియలేదు. ఒళ్లు సగం వారగా తిప్పి నిలబడు, బంతి ఒక కంట, మనిషి ఒక కంట. అతన్ని పట్టుకోకూడదు, కానీ చెయ్యి వెనక్కి చాచి ముంజేతికి అతను తగులుతూ ఉండేలా చూసుకో. బంతి గాల్లోకి లేచే ముందు ఒకసారి తల తిప్పి చూడు, లేచాక ఇంకోసారి. పొడవాటి స్ట్రైకర్‌తో పోటీపడి ఎగరడం కంటే అతను ఎగరడానికి తీసుకునే ఆ రెండు అడుగులను పాడుచేయడం తేలిక. 1.83 ఉన్నవాడికి ఇది చాలు, నమ్ము.

కొత్త క్లబ్‌లో మొదటి రోజు లాక్టేట్ టెస్ట్ ఉండొచ్చు. పరుగు వేగం పెంచుతూ పోతారు, ప్రతి విరామంలో చెవి తమ్మె మీద సూదితో గుచ్చి ఒక చుక్క రక్తం తీస్తారు. సెలవుల్లో ఒళ్లు కదిలించావో లేదో ఆ చుక్క చెప్పేస్తుంది, దాన్ని మభ్యపెట్టలేవు. డ్రెస్సింగ్ రూమ్‌లోకి వెళ్లగానే అందరికీ చెయ్యి కలుపు. కోచ్‌కీ కెప్టెన్‌కీ మాత్రమే కాదు, జెర్సీలు ఉతికి మడతపెట్టే ఆయనకి, ఫిజియోకి, గడ్డి చూసే మనిషికి కూడా. ఈ లీగుల్లో కోచ్‌లు తరచూ మారతారు, వీళ్లు మారరు. కొత్త కోచ్ వచ్చి "ఈ కుర్రాడెలాంటివాడు" అని అడిగేది వీళ్లనే. క్యాంపులో కొత్తవాళ్ల చేత కుర్చీ ఎక్కించి పాట పాడించడం ఇక్కడి ఆనవాయితీ. సిగ్గుపడకు, ఒక తెలుగు పాట అందుకో, ఎవరూ మర్చిపోరు. నోరు మంచిదైతే ఊరు మంచిదవుతుందని మీ నానమ్మ ఊరికే అనేది కాదు.

కాంట్రాక్ట్ గురించి మీ నాన్నతో కలిసి కూర్చుని చదువు. జర్మనీలో ఆటగాడి కాంట్రాక్ట్ ఏడాదికో రెండేళ్లకో రాయడం మామూలే. మైంజ్ గోల్ కీపర్ హైంజ్ ముల్లర్ దానిమీద కోర్టుకెక్కితే, 2018 జనవరిలో ఫెడరల్ లేబర్ కోర్టు అలా రాయడం చెల్లుతుందనే తేల్చింది. కాబట్టి కాంట్రాక్ట్ ముగిసే జూన్ 30 అనే తేదీ నీ జీవితంలో పదే పదే వస్తుంది, అలవాటు చేసుకో. కాగితంలో ముందు చూడాల్సింది, ఆ కాంట్రాక్ట్ ఏ లీగ్‌కి చెల్లుతుందన్నది. క్లబ్ కిందికి దిగితే జీతం తగ్గుతుందా, కాంట్రాక్టే రద్దవుతుందా? తర్వాత, నెల జీతం ఎంత, ఆడితేనే వచ్చే బోనస్ ఎంత? చెప్పేటప్పుడు రెండూ కలిపి పెద్ద అంకె చెబుతారు, చీలమండ బెణికి ఆరు వారాలు పడుకుంటే చేతికి వచ్చేది మొదటిదే. ఇన్ని మ్యాచ్‌లు ఆడితే ఏడాది పొడిగింపు అనే షరతు ఉంటే సంతోషమే, కానీ ఆ సంఖ్య దగ్గరపడగానే ఆటగాణ్ని బెంచ్ మీదికి పంపేయడం కూడా జరుగుతుంటుంది. వీలైనంత చిన్న సంఖ్య అడుగు.

జీతం మీద ఆడేవాడికి మైదానంలో తగిలిన దెబ్బ ఉద్యోగంలో జరిగిన ప్రమాదం కిందే లెక్క, దానికి ఫౌబెగే అనే చట్టబద్ధమైన ప్రమాద బీమా ఉంది. అందుకని చిన్న దెబ్బనైనా డాక్టర్ దగ్గర రాయించు. మోకాలు పట్టేసినా "పర్లేదు, ఆడతాను" అనే మగతనం వద్దు. పదేళ్ల తర్వాత అదే మోకాలు ఇబ్బంది పెడితే చూపించడానికి కాగితం ఉండాలి.

ఇంకో చిన్న పని, కానీ ఇప్పుడే చెయ్యాల్సింది. అకాడమీతో నీ కాంట్రాక్ట్ జూన్ 30తో అయిపోతుంది. ఉద్యోగం ముగుస్తుందని తెలిసినవాడు మూడు నెలల ముందే ఉపాధి కార్యాలయంలో పేరు రాయించుకోవాలి. ఆలస్యమైతే నిరుద్యోగ భృతిలో ఒక వారం కోత పడుతుంది. ట్రయల్స్ ఎలా జరిగినా సరే, మార్చి దాటకముందే రాయించు. ఆన్‌లైన్‌లో అయిపోతుంది.

ఒక్కోసారి జూలై వచ్చినా క్లబ్ దొరకదు. నీకూ ఒకసారైనా అలా జరుగుతుంది. అప్పుడు మాన్యుయెల్ ఫ్రెడ్రిక్‌ని గుర్తు చేసుకో. మైంజ్ నుంచి బ్రేమెన్ వెళ్లి, మళ్లీ మైంజ్‌కే తిరిగొచ్చి, జర్మనీ జట్టుకు 9 మ్యాచ్‌లు ఆడి, లెవర్‌కుజెన్‌లో చాలా ఏళ్లు ఉన్న సెంటర్ బ్యాక్. 2013 వేసవిలో అతని కాంట్రాక్ట్ అయిపోయింది. నవంబర్ దాకా క్లబ్ లేదు, వయసు 34. ఆ నవంబర్లో డోర్ట్‌మండ్ డిఫెండర్ సుబోటిచ్‌కి మోకాలు పోయింది, కొద్దిరోజులకే అతని పక్కన ఆడే హుమ్మెల్స్ కూడా గాయపడ్డాడు. అప్పటి డోర్ట్‌మండ్ కోచ్ యూర్గెన్ క్లోప్ ఫ్రెడ్రిక్‌ని పిలిచాడు. క్లబ్ లేని ఆటగాడు కాబట్టి ట్రాన్స్‌ఫర్ గడువుతో పనిలేదు. నవంబర్ 23, శనివారం, బేయర్న్ మ్యూనిక్‌తో మ్యాచ్‌లో మొదటి నిమిషం నుంచీ మైదానంలో ఉన్నాడు. చివరికి 0-3తో ఓడారు, కానీ గంట దాటేదాకా బేయర్న్‌కి గోల్ దొరకలేదు. నెలల తరబడి క్లబ్ లేనివాడు ఆ మ్యాచ్ ఆడగలిగాడంటే ఒళ్లు ఎంత సిద్ధంగా ఉంచుకుని ఉండాలో ఆలోచించు. క్లోప్ అతన్నే ఎందుకు పిలిచాడో కూడా ఆలోచించు. మైంజ్‌లో అతని పక్కన ఆడాడు, తర్వాత అతనికి కోచ్‌గా ఉన్నాడు, మనిషి ఎలాంటివాడో తెలుసు. తర్వాతి ఏడాది ఫ్రెడ్రిక్ మన దేశానికే వచ్చి ముంబై సిటీ తరఫున ఇండియన్ సూపర్ లీగ్ (ఐఎస్ఎల్) తొలి సీజన్ ఆడాడు.

నీకు అలాంటి వేసవి వస్తే ఇంట్లో కూర్చోకు. ఆటగాళ్ల యూనియన్ ఫౌడెఫౌ వాళ్లు క్లబ్ లేని ఆటగాళ్ల కోసం డ్యూయిస్‌బుర్గ్‌లో వేసవి క్యాంపు నడుపుతారు. కోచ్‌లు ఉంటారు, ప్రాక్టీస్ మ్యాచ్‌లు ఉంటాయి, చూడటానికి క్లబ్బుల వాళ్లు వస్తారు. డ్యూసెల్‌డోర్ఫ్ నుంచి నీకు రైల్లో ఎంతసేపు? అందుకే మొదటి జీతం రాగానే యూనియన్‌లో చేరిపో.

చదువు విషయంలో మీ నాన్న మాట సగం నిజం. ఆట మానేసి చదవమంటున్నాడు, నేను ఆడుతూ చదవమంటున్నాను. క్లోప్‌నే చూడు. మైంజ్ తరఫున రెండో బుండెస్‌లీగాలో 325 మ్యాచ్‌లు ఆడాడు, మొదట స్ట్రైకర్, తర్వాత డిఫెండర్. ఆ ఆడే రోజుల్లోనే ఫ్రాంక్‌ఫుర్ట్ యూనివర్సిటీలో స్పోర్ట్స్ సైన్స్ చదివి 1995లో డిప్లొమా తీసుకున్నాడు. నీకు హాగెన్‌లో దూరవిద్య యూనివర్సిటీ ఉంది, బస్సులో దూరపు మ్యాచ్‌లకు వెళ్లేటప్పుడు బోలెడు సమయం ఉంటుంది. కార్డ్స్ ఆడేవాళ్లు ఆడతారు, నువ్వు పుస్తకం తెరువు. దీపం ఉండగానే ఇల్లు చక్కబెట్టుకోవాలి. ముప్పై నాలుగేళ్లకు బూట్లు విప్పేనాటికి చేతిలో ఒక డిగ్రీ, వీలైతే ఒక కోచింగ్ లైసెన్స్ ఉండాలి.

రెండు క్లబ్బులకీ ట్రయల్‌కి వెళ్లు, చిన్న క్లబ్‌కి ముందు వెళ్లు. మెత్తని నేలకి, గట్టి నేలకి రెండు రకాల బూట్లూ సంచిలో పెట్టుకో. ఫిబ్రవరిలో మెయిన్ మైదానం తడిసి ఉంటే కృత్రిమ గడ్డి మీదికి పంపిస్తారు. తేదీ ఖరారవగానే నాకు చెప్పు, నేను వస్తాను. గోల్ వెనక నిలబడి నీ గొంతు వినపడుతోందో లేదో చూస్తాను. వాళ్లు కాగితం చేతిలో పెడితే అక్కడికక్కడే సంతకం పెట్టకు, ఒక రాత్రి ఇంటికి తీసుకెళ్తానని చెప్పు. ఎవరూ కాదనరు. ఫోటో తీసి నాకు పంపు, నేనూ మీ నాన్నా కలిసి చదువుతాం.

ప్రేమతో,
పెదనాన్న